ఎల్లారెడ్డికి పంపిన నవ్వు

కామారెడ్డికి కత్తి, ఎల్లారెడ్డికి కన్నీళ్ళు, డోంగ్లికి ముక్కుపుడక. దేవయ్య పదకొండేళ్ళ వీడియో వ్యాపారమంతా ఈ మూడు ముక్కల్లో ఇమిడిపోతుంది. సినిమా ఒకటే, లోపల తిరిగే టేపూ ఒకటే. డబ్బా మీది బొమ్మ మాత్రం ఊరికొకటి.

ఇదేదో మోసం అనుకునేరు. హైదరాబాదు నుంచి వచ్చే క్యాసెట్లకు అసలు బొమ్మే ఉండేది కాదు. నల్లటి డబ్బా, దాని మీద పెన్నుతో గిలికిన పేరు, అంతే. బొమ్మ లేని డబ్బాను ఎవరు ముట్టుకుంటారు? అందుకని కామారెడ్డిలో సిరిసిల్ల రోడ్డు మీది తన దుకాణంలో కూర్చుని దేవయ్యే కవర్లు తయారుచేసేవాడు. సినిమా పత్రికల్లోంచి, చిరిగిన పోస్టర్లలోంచి బొమ్మలు కత్తిరించి, అట్ట మీద అతికించి, నిజామాబాదు పోయి కలర్ జిరాక్సు తీయించుకొచ్చేవాడు. ఎవరూ నేర్పలేదు. చేతిలో కత్తెర, పక్కన మైదా జిగురు, ఇంకేం కావాలి?

కామారెడ్డి కుర్రాళ్ళకు హీరో చేతిలో కత్తి ఉండాలి. లేకపోతే ఇంకో సినిమాలోంచి తెచ్చి పెట్టేవాడు. కళ్ళు ఎర్రగా లేకపోతే స్కెచ్చుతో ఎర్ర చేసేవాడు. ఎల్లారెడ్డిలో ఈ ఆటలు సాగలేదు. అక్కడ క్యాసెట్లు తీసుకునేది బీడీలు చుట్టే ఆడవాళ్ళు. పదిమంది కలిసి టీవీ, వీసీపీ కిరాయికి తెచ్చుకుని, పగటిపూట ఎవరో ఒకరింట్లో చేరి, ఒళ్ళో చాటలు పెట్టుకుని బీడీలు చుడుతూ సినిమా చూసేవారు. అక్కడ బస్టాండు పక్కన దుకాణం నడిపే కరీం నెలకోసారి వచ్చి మొత్తుకునేవాడు.

"దేవన్నా, మా తాన కత్తులు నడవయ్. జర ఏడుపు పంపు."

డోంగ్లి సంగతి మరీ వేరు. సరిహద్దు ఊరు, ఇంట్లో మరాఠీ. తెలుగు అక్షరాలు కనబడితే డబ్బా పక్కన పెట్టేస్తారు. అందుకని అక్షరాలు చిన్నవి చేసి, ఆడమనిషి మొహం పెద్దది చేసి, ముక్కుకు ముత్యాల పుడక గీసేవాడు దేవయ్య. ఈ గీతల విద్య మాత్రం దుబాయి నుంచి వచ్చింది. కరీం తమ్ముడు అక్కడి నుంచి తెచ్చిన డబ్బాల మీద హీరోయిన్ల భుజాలు కనబడకుండా నల్ల మార్కరుతో పొడుగు చేతుల రైకలు తొడిగి ఉండేవి. పెన్నుతో రైకే తొడగగా లేనిది పుడక పెట్టడం ఎంత పని అనుకున్నాడు దేవయ్య.

అంతా బాగానే ఉంది. కానీ ఎల్లారెడ్డి కవరు మీద పెట్టడానికి అమ్మ బొమ్మ దొరకలేదు. రెండున్నర గంటలు ఏడ్చి సినిమాను నిలబెట్టేది అమ్మే అయినా, పోస్టరులో ఆమెకు జాగా ఇచ్చిన పాపాన ఎవడూ పోలేదు. వెతికి వెతికి విసుగొచ్చిన దేవయ్యకు, ఒకరోజు ఇంట్లో గూట్లో ఉన్న ఫోటో గుర్తొచ్చింది.

అది అతని భార్య నాగవ్వ ఫోటో. పెళ్ళయిన రెండో ఏడు ఇద్దరూ స్టూడియోకు పోయారు. "నవ్వమ్మా" అని ఎంత బతిమాలినా బిగుసుకుపోయి కూర్చున్న నాగవ్వ, పక్కన దేవయ్య కూర్చున్న స్టూలు కాలు విరిగి అతను కింద పడగానే పకపకా నవ్వింది. ఫోటోగ్రాఫర్ ఆ క్షణాన్నే నొక్కాడు. అందుకే ఆ ఫోటోలో నాగవ్వ ఒక్కతే ఉంటుంది. దేవయ్య నేల మీద ఉన్నాడు.

కామారెడ్డి కవరు మీద పెడితే నలుగురూ గుర్తుపడతారు. ఎల్లారెడ్డిలో, డోంగ్లిలో ఆమె ఎవరికి తెలుసు? ఆమె పుట్టిల్లు ఎక్కడో పెద్దకొడప్‌గల్. అలా తనకు తానే నచ్చజెప్పుకుని, ఫోటో కత్తిరించి అతికించాడు, జిరాక్సులు తీయించాడు. నాగవ్వ ఫోటో ఏదని అడిగితే ఎలుకలు కొరికాయన్నాడు. ఆమె గూడంతా వెతికింది, ఎలుకల మందు పెట్టింది, మళ్ళీ ఎన్నడూ అడగలేదు.

ఆ వ్యాపారం మూతబడి ఇరవయ్యేళ్ళు దాటింది. దేవయ్యకిప్పుడు అరవై నాలుగు. కామారెడ్డి బస్టాండు దగ్గర బండి మీద సెల్‌ఫోన్ కవర్లు అమ్ముతాడు. కవర్ల రాత అతన్ని వదల్లేదని నవ్వుకునేవాళ్ళూ ఉన్నారు. పిల్లలు లేరు. నాగవ్వ పోయి పదకొండు నెలలు దాటింది. ఛాతీలో నొప్పి అంది, నీళ్ళు తెమ్మంది, అతను చెంబుతో వచ్చేసరికి లేదు. ఆమె బీడీల చాట వెనక తలుపు పక్కన గోడకు ఆనించి అలాగే ఉంది. పక్కింటి భూదవ్వ రెండుసార్లు అడిగినా ఇవ్వలేదు. తనెందుకు ఇవ్వలేదో అతనికే తెలియదు. ముట్టుకోనూ లేదు.

ఇప్పుడు సంవత్సరీకం దగ్గరకొచ్చింది. పటం కట్టించాలి. ఇల్లంతా గాలిస్తే దొరికింది ఆధార్ కార్డు ఒక్కటే. నాగవ్వ ఫోటోలకు నిలబడటం ఎప్పుడో మానేసింది. పెళ్ళిళ్ళలో కెమెరా కనబడితే కొంగు మొహానికి అడ్డం పెట్టుకుని వంటల దగ్గరికి వెళ్ళిపోయేది. వయసు మీదపడి సిగ్గు ఎక్కువైందని దేవయ్య వేళాకోళం చేసేవాడు. ఆమె జవాబిచ్చేది కాదు.

స్టూడియో చక్రధర్ ఆధార్ ఫోటోను పెద్దది చేసి కంప్యూటర్‌లో చూపించాడు.

"బాపూ, ముక్కు మీద నల్లగ మచ్చ ఉండె, తీసేసిన. మొకం జర తెల్లగ జేసిన. మంచిగున్నదా?"

దొంగతనం కేసులో పట్టుకొచ్చి గోడకు నిలబెట్టినట్టుగా ఉంది నాగవ్వ. పెదవులు గట్టిగా బిగించి, ఎవరి మీదో కోపంగా చూస్తోంది. ఈమధ్య కళ్ళు మూసుకుంటే దేవయ్యకు కనిపిస్తున్న మొహం ఇదే. నీళ్ళు తెమ్మన్న గొంతు గుర్తుంది, నడక గుర్తుంది, దగ్గు గుర్తుంది. నవ్వు మాత్రం రావడం లేదు. ఆ నోరు నవ్వితే ఎలా ఉండేదో ఎంత తలుచుకున్నా పట్టు దొరకడం లేదు. తోడు లేకపోవడం కంటే ఆ మరుపే అతన్ని ఎక్కువ భయపెడుతోంది.

"పటం కట్టకు. రెండు దినాలాగు," అన్నాడు. "నవ్వే ఫోటో ఒకటున్నది. తెస్త."

మర్నాడు పొద్దున ఎల్లారెడ్డి బస్సెక్కాడు. బస్సు నిండా ఆడవాళ్ళే. టికెట్ లేని ప్రయాణం కదా, ముచ్చట్లూ సంచులూ సీట్ల నిండా పొంగుతున్నాయి. దేవయ్యకు ఒక సీటు దొరికింది. అలవాటుగా కిటికీ వైపు ఖాళీ వదిలి ఇవతల కూర్చున్నాడు. "జరుగు తాతా, ఎవరన్న వస్తున్నరా?" అని ఒకమ్మాయి అడిగితే, లేదని చెప్పడానికి అతనికి కొంచెం సమయం పట్టింది.

కరీం పోయి నాలుగేళ్ళయింది. ఆ దుకాణంలోనే ఇప్పుడు అతని భార్య సాబేరా గాజులు, పిన్నులు, లేసులు అమ్ముతోంది. దేవయ్యను చూసి కుర్చీ వేసింది, చాయ్ తెప్పించింది. నాగవ్వ సంగతి విని చెంగు కళ్ళకు అద్దుకుంది.

"పాత డబ్బాలా? అటుక మీద రెండు సంచులున్నయ్ దేవన్నా. పారేద్దామంటే మా ఆయన చెయ్యి పడ్డ సామాను. మనసొప్పలే."

సంచులు దించి అరుగు మీద కుమ్మరించారు. బూజు పట్టిన డబ్బాలు చూస్తుంటే దేవయ్యకు తన పనితనం మీద తనకే ముచ్చటేసింది. తప్పిపోయి ఎల్లారెడ్డికి వచ్చిన కామారెడ్డి కత్తులు కొన్ని, దుబాయి రైకలు కొన్ని, మిగతావన్నీ కన్నీళ్ళు. ఎల్లారెడ్డి కవరుకు నీలం అంచు పెట్టేవాడు, తేలిగ్గా తెలుస్తుందని. నీలం అంచు కనబడగానే ఆత్రంగా లాగాడు.

ఎడమవైపు గుడిసె ఉంది, కుడివైపు ఏడుస్తున్న పసివాడున్నాడు. మధ్యలో నాగవ్వ ఉండాల్సిన చోట చిల్లి ఉంది.

ఎలుకలు కొరికాయేమో అనుకున్నాడు. అనుకున్న మరుక్షణం, ఈ మాట తను ఎక్కడ అన్నాడో గుర్తొచ్చి చెవులు వేడెక్కాయి. రెండో డబ్బా తీశాడు, చిల్లి. మూడోది, నాలుగోది. నీలం అంచు డబ్బాలు పదకొండు తేలాయి. పదకొండింటికీ సరిగ్గా మొహం ఉన్న మేర లేదు. కొన్నింటికి చిల్లి చుట్టూ ఎండిన జిగురు, ఎవరో హీరోయిన్ చెవి, జడ మిగిలాయి. పైన వేరే బొమ్మ అతికిస్తే అది కాలానికి రాలిపోయింది.

ఎలుకలు ఇంత తీరుగా కొరకవు. నాలుగు అంచులూ గీత గీసినట్టు తిన్నగా ఉన్నాయి. దేవయ్య తన రెండు వేళ్ళు ఆ చిల్లిలో ఆనించి చూశాడు. ఆ కొలత అతనికి తెలుసు. ముప్పయ్యేళ్ళకు పైగా రోజూ కళ్ళ ముందు చూసిన కొలత. బీడీ చుట్టడానికి రేకు ముక్క పెట్టి తునికాకు కత్తిరిస్తే ఎంత వస్తుందో సరిగ్గా అంత.

సాబేరా అతని మొహంలోకి చూసింది.

"నీకు ఎర్కలేదా దేవన్నా? నాగవ్వక్కనే కోసింది."

"ఏ నాగవ్వ?"

"నీ ఇంటామె. గీ అరుగు మీదనే కూసుండి కోసింది."

దేవయ్య చేతిలోని డబ్బాను మళ్ళీ తిప్పి చూశాడు. సాబేరా దాన్ని తీసుకుని పక్కన పెట్టింది.

"కొడప్‌గల్‌కు పోవాల్నంటే బస్సు ఈడనే కదా మారుతరు. గంట సేపు టైముండె. సోడా తాగనీకి దుకాణం ముంగటికి వచ్చింది. ఎదురుంగ తన మొకం. మొదలు అద్దం పెట్టిండ్రనుకున్నదంట." సాబేరా చిన్నగా నవ్వబోయి ఆగింది. "అంతల ఇద్దరు బీడీలోళ్ళు వచ్చిండ్రు. నవ్వే ఆమె ఉన్న డబ్బా ఇయ్యి కరీమన్నా అన్నరు. నీ కవర్లకు మా తాన గదే పేరు. ఆమె ఉన్న డబ్బా అంటే మంచిగ ఏడిపిస్తదని నమ్మకం. సినిమా అయిపోయేదాంక ఆమె ఎప్పుడొస్తదా అని ఎదురుసూస్తుండె. రాకపోతే, గీ భాగంల లేదు, ఇంకో దాంట్ల ఉంటది అని ఇంకోటి తీస్కపోతుండె."

దేవయ్యకు తను కొట్టిన గొప్పలు గుర్తొచ్చాయి. ఎల్లారెడ్డిలో నా కవర్లకు గిరాకీ చూడు అని ఇంట్లో అన్నం తింటూ చెప్పేవాడు. నాగవ్వ ఎదురుగా కూర్చుని పప్పు వడ్డించేది.

"వాళ్ళు పోయినంక లోపలికొచ్చింది. మా ఆయనను అడిగింది. 'అన్నా, నన్ను రోజుకెంతకు కిరాయికిస్తున్నరు?' అని."

అరుగు ముందు నుంచి ఒక బస్సు వెళ్ళింది. దాని మోత తగ్గాక సాబేరా మళ్ళీ అందుకుంది.

"మా ఆయన అల్లా మీద కసం తిన్నడు, మీ ఇంటి ఫోటో అని తనకు తెల్వదని. ఆమె తిట్టలే, ఒర్లలే. రొంటిల ఉన్న బీడీల కత్తెర తీసింది. కోసుకోనా అన్నది. ఇగ అప్పటి సంది పుట్టింటికి పోయినప్పుడల్లా దిగేది. కొత్తయి ఏమన్న వస్తే కోసేది. కోసినయన్ని నా రొట్టెల పొయ్యిల ఏసి, కాలేదాంక నిలబడేది. నీకు జెప్పొద్దని నాతోని గూడ కసం తినిపించింది. ఆమె పోయింది గద, ఇగ ఏం కసం?"

"నన్నొక్కమాట అడగలే," అన్నాడు దేవయ్య. ఆ మాట సాబేరాతో అన్నట్టు లేదు.

"నేను గూడ గట్లనే అన్న. మీ ఆయనను నిలదియ్యి అక్కా అన్న. ఎలుకలన్న మనిషిని ఏమడగాలె అన్నది."

దేవయ్య తల వంచుకున్నాడు. ఎలుకల మందు పొట్లం కొనుక్కొచ్చి గూట్లో పెట్టిన రోజున ఆమెకింకా తెలియదు. తెలిశాక ఆ పొట్లాన్ని చూసినప్పుడల్లా ఏమనుకుందో. ఎన్నేళ్ళు ఒకే కప్పు కింద పడుకున్నారు, ఎన్నిసార్లు బస్సెక్కించి జాగ్రత్త అని చెప్పాడు. ఒక్కసారైనా ఆమె మొహం చూసి ఏమైందని అడిగి ఉంటే చెప్పేదేమో. అతను చూసిందెప్పుడు? అన్ని ఊళ్ళ ఆడవాళ్ళకు ఏ మొహం నచ్చుతుందో తెలిసిన మనిషికి ఇంట్లో ఉన్న మొహం సంగతి తెలియలేదు.

లేవబోతుంటే సాబేరా మళ్ళీ అంది. "ఒక్కటి మాత్రం కొయ్యలే."

"ఏది?"

"డోంగ్లి డబ్బా. ఈడికెల్లే కద పోయేది, వాపస్ గూడ ఈడికే వస్తుండె. ఒకపారి అది ఆమె చేతుల పడ్డది. దాంట్ల ముక్కుకు పుడక గీసి ఉండె. చానసేపు సూసింది. ముక్కుల ఉన్న చీపురుపుల్లను వేలితోని తిప్పుకుంట సూసింది. గీమె నేను కాదు భాభీ, గీమెకు పుడక ఉన్నది అన్నది. నవ్విందో ఏడ్చిందో నాకైతే సమజ్ కాలే. కవరు గుంజి, మడిచి రొంటిల దోపుకున్నది. అది పొయ్యిల ఎయ్యలే."

తిరుగు ప్రయాణంలో దేవయ్యకు లింగంపేట ఎప్పుడు వచ్చిందో, ఎప్పుడు పోయిందో తెలియదు. నాగవ్వకు చిన్నప్పుడే ముక్కు కుట్టారు. కుట్టిన చోటు పూడిపోకుండా చీపురుపుల్ల ముక్క పెట్టుకునేది. స్టూడియోకు పోయిన రోజు, ఫోటోలో బాగుండదని తీయించింది దేవయ్యే. "వచ్చే ఏడు బంగారు పుడక చేపిస్త, గప్పుడు మళ్ళ ఫోటో దిగుదం" అన్నాడు. ఆ వచ్చే ఏడు వీసీఆర్ కొన్నాడు. తర్వాత దుకాణానికి అద్దాలు పెట్టించాడు. తర్వాత ఆ మాటే మరిచిపోయాడు. ఆమె మరిచిపోలేదు కనుకే ప్రతి రెండు మూడు నెలలకు కొత్త పుల్ల విరిచి పెట్టుకుంది. పెట్టుకుంటుంటే అతను చూశాడు కూడా. చూసి, అదొక అలవాటులే అనుకున్నాడు.

ఇంటికి వచ్చేసరికి ఇంకా ఎండ ఉంది. చెప్పులు విడిచి నేరుగా వెనక తలుపు దగ్గరికి వెళ్ళాడు. ఇల్లంతా వెతికిన మనిషి బీడీల చాట ఒక్కటే వెతకలేదు. చాటను కిందికి దించి ఎదురుగా కూర్చున్నాడు. తంబాకు వాసన గుప్పుమంది. పదకొండు నెలలుగా ఇంట్లో ఏదో తక్కువైనట్టు అనిపించేది, ఈ వాసనే కాబోలు. చాటలో కత్తెర ఉంది, రేకు ముక్క ఉంది, దారపు ఉండ ఉంది. అడుగున పరిచిన పాత గుడ్డ ఉంది. గుడ్డ ఎత్తాడు.

నాలుగు మడతల కవరు. విప్పితే మడతల దగ్గర చిరుగులు పట్టి, తంబాకు రంగుకు తిరిగిన కాగితంలోంచి నాగవ్వ నవ్వింది. స్టూలు విరిగిన నాటి నవ్వు. పళ్ళన్నీ కనబడుతూ, ఒక కన్ను కొంచెం ఎక్కువ మూసుకుని. అవును, అలాగే నవ్వేది, ఎడమ కన్ను ముందు మూసుకునేది. దేవయ్య చొక్కా అంచుతో కళ్ళు తుడుచుకుని మళ్ళీ చూశాడు.

అప్పుడు కనిపించింది పుడక. అతను గీసింది నీలం బాల్‌పెన్నుతో, వెంట్రుకంత సన్నగా. అది ఎప్పుడో వెలిసిపోయింది. దాని మీద నల్ల స్కెచ్చుతో మళ్ళీ దిద్ది ఉంది. ఒక్కసారి దిద్దినట్టు లేదు. ఒక వరస పాతబడి మాసిపోతే దాని మీద ఇంకో వరస. గీత వంకర టింకరగా, ముత్యాలు ఒకదాని మీదికి ఒకటి ఎక్కి, ఎన్నడూ కలం పట్టని చెయ్యి భయపడుతూ పెట్టిన చుక్కల్లా ఉన్నాయి. అన్నింటికంటే పైనున్నది ఇంకా నల్లగా మెరుస్తోంది. పోయే ముందు నెలలోదో, అంతకు ముందు నెలలోదో.

ఆమె రోజూ పొద్దున్నుంచి పొద్దుమునిగేదాకా ఈ చాట ఒళ్ళో పెట్టుకుని కూర్చునేది. మూరెడు దూరంలో మంచం మీద పడుకుని దేవయ్య రేడియో వినేవాడు, తర్వాత్తర్వాత ఫోన్ చూసుకునేవాడు. ఇంట్లో ఒంటరిగా ఉన్నది తనొక్కడే అని ఈ పదకొండు నెలలూ అనుకున్నాడు. అంతకుముందే ఎన్నో ఏళ్ళుగా ఆమె ఒక్కతే ఉండిపోయిందని ఇప్పుడు తెలిసింది.

"నాగవ్వా," అన్నాడు.

ఎంతోసేపటికి చక్రధర్ ఫోన్ చేశాడు. "బాపూ, నవ్వే ఫోటో దొరికిందా? ఎల్లుండే గద యాడాది. జల్ది తెస్తే ఫ్రేము కడ్త."

దేవయ్య ఒళ్ళో ఉన్న కవరు వైపు చూశాడు. పటం కడితే ఇంటికొచ్చినవాళ్ళంతా చూస్తారు. ఎంత బాగా నవ్వుతోందో అంటారు. వీధిలోవాళ్ళు ఫోన్లలో తీసుకుంటారు. అతను కవరును ఆమె మడతల మీదుగానే నాలుగు మడతలు వేసి, చాట అడుగున పెట్టి, గుడ్డ కప్పాడు.

"లేదు బిడ్డా. నీ తాన ఉన్నదే కట్టు."

"మంచిది బాపూ. మొకం తెల్లగ జేసింది..."

"తెల్లగ జెయ్యకు. ఎట్లున్నదో గట్లనే ఉంచు. ఇంకోటి, ముక్కు మీద మచ్చ అని తీసేసినవ్ సూడు, అది మచ్చ గాదు," అన్నాడు దేవయ్య. "చీపురుపుల్ల. మళ్ళ పెట్టు."